సాకమ్మ హద్దు

చెప్పండి. మీరేం చూశారు?

బెంగళూరు నుంచి హోసూరు రోడ్డు మీద బస్సులో పోయేటప్పుడు, హెబ్బగోడి దాటి బొమ్మసంద్ర ఇంకా రాకముందు, ఎడమ చేతి పక్క రాగిచేను నడుమ సున్నం కొట్టిన దిబ్బ ఒకటి కనిపిస్తుంది. మనిషి పొడుగు, మోకాలెత్తు. దాని పక్కన ఎవరైనా కూర్చుని ఉన్నారా? ఎటు తిరిగి కూర్చున్నారు? తల మీద కొంగు ఉందా? ఎవరో చెప్పుకుంటుంటే విన్నామనే మాట నాకు వద్దు. కళ్ళతో చూసింది చెప్పండి.

గద్దించి అడుగుతున్నానని అనుకుంటారేమో. అనుకోండి. తొమ్మిదేళ్ళు కోర్టులో నన్ను ఇట్లాగే అడిగారు. చూసింది చెప్పమ్మా, విన్నది చెప్పకు, విన్నది సాక్ష్యం కాదు అన్నారు. నేను కూడా ఆ నియమమే పెట్టుకున్నాను. చూసింది చూసినట్టు రాస్తాను. విన్నది విన్నట్టు రాస్తాను. రెండింటిలో ఏది నిజమో తేల్చడం నా వల్ల కాలేదు. మీ వల్ల అయితే తేల్చండి.

నా పేరు అంజినమ్మ. ఈ 1949తో నాకు యాభై తొమ్మిది నిండుతాయి. బిడ్డలు లేరు. అక్షరాలు నేర్చుకున్నది యాభైలో పడ్డాక. చదవలేని కాగితం మీద ఇంకోసారి వేలిముద్ర వేయకూడదని పంతం పట్టి నేర్చుకున్నాను.

మా ఆయన సొన్నప్ప 1937లో కలరాతో పోయాడు. బెంగళూరులో గుడారాలు వేసి రోగుల్ని పెట్టారు. అక్కడే పోయాడు. శవం ఇవ్వలేదు. మిగతావాళ్ళతో కలిపి సున్నం పోసి పూడ్చామన్నారు. ఎక్కడ అంటే చెయ్యి అటు చూపించారు. అటు అంటే ఎటో నాకు ఇప్పటికీ తెలియదు.

ఆయన నాకు వదిలిపోయింది రెండెకరాల చేను. మా మామ ఎప్పుడో మా ఊరి వెంకటగిరియప్ప తండ్రి దగ్గర కొన్నాడు. కాగితం రాయించుకోలేదు. నలుగురు పెద్దమనుషుల ముందర తాంబూలం మార్చుకుని, నాలుగు మూలలా నాలుగు రాళ్ళు పాతుకున్నారు. ఖాతా మార్పించుకోలేదు. కందాయం, అదే భూమి శిస్తు, వాళ్ళ పేరు మీదే కడుతూ వచ్చాం. ఆ నలుగురూ పోయారు. మా ఆయన పోయిన నెల తిరగకుండా వెంకటగిరియప్ప మడకలు తోలుకొచ్చాడు. ఈ చేను మా నాయనది, మీ మొగుడు పంటలో పాలు ఇచ్చి వారానికి చేసుకునేవాడు అన్నాడు. నేను పోయి ఎద్దుల ముందర అడ్డంగా పడుకున్నాను. ఎద్దులు ఆగాయి. మనిషి ఆగలేదు, కోర్టుకు పోయాడు.

ఆ చేను పోతే నేనూ, మా అమ్మ కెంపమ్మా రోడ్డు పక్కన కంకర కొట్టుకోవాలి. ఇంకే దారీ లేదు. ఇది గుర్తు పెట్టుకుని మిగతాది చదవండి.

చిక్కపేట సందులో మేడ మీద లక్ష్మీనారాయణ అనే వకీలు ఉండేవాడు. మంచివాడే. కాగితం లేదు కాబట్టి స్వాధీనం చూపించాలమ్మా అన్నాడు. పన్నెండేళ్ళు నలుగురూ చూస్తుండగా, అడ్డు చెప్పేవాళ్ళు లేకుండా ఒక నేల మీద కూర్చుంటే, ఆ నేల కూర్చున్నవాళ్ళదే అవుతుందట. ఎవరు కూర్చున్నారో కళ్ళతో చూసినవాళ్ళు వచ్చి చెప్పాలట. నేను తల ఊపి మెట్లు దిగాను. కింద వక్కాకు నములుతూ ఆయన గుమాస్తా శ్రీనివాసప్ప నిలబడి ఉన్నాడు.

"ఆ చేన్లో మీ పెద్దల సమాధి ఏమన్నా ఉండాదా?" అని మెల్లగా అడిగాడు.

లేదన్నాను.

"ఉంటే బాగుండు," అన్నాడు సందులోకి చూస్తూ. "మనోళ్ళు పరాయి నేలలో శవాన్ని పెట్టరు. ఆ సంగతి జడ్జీకి గూడా తెలుసు."

అంతే అన్నాడు. అంతకంటే ఏమీ అనలేదు. మిగతాదంతా మేమే చేశాం.

1938 ఎండాకాలంలో జిగణి నుంచి మా అన్న తిమ్మరాయప్పను పిలిపించాను. ఇద్దరం చేని నడుమ నడుము లోతు గుంత తీశాం. పూడ్చి దిబ్బ కట్టబోతుంటే మా అమ్మ వచ్చి గుంత అంచున నిలబడింది. ఖాళీ గుంతను పూడ్చకూడదు, ఖాళీ చోటు ఊరకే ఉండదు అంది. మనిషి లేకపోతే మనిషికి బదులు ఏదన్నా పెట్టమంది. ఇంట్లో రుబ్బురోట్లో తిప్పే పొత్రం ఉంది కదా, ఆ గుండ్రాయిని తెచ్చి, అమ్మ తన ఎర్ర అంచు పాత చీరలో చుట్టి, పసిబిడ్డను పడుకోబెట్టినట్టు గుంతలో పడుకోబెట్టింది. డజను నల్లగాజులు దాని మీద వేసింది. మన్ను పోశాం. దిబ్బ పాతదిగా కనిపించాలని మజ్జిగలో పేడ కలిపి పూశాం, తలాపున కలబంద నాటాం. రెండు వానలు పడేసరికి పాచి పట్టి, నలభై ఏళ్ళ దిబ్బలాగా తయారైంది.

పేరు కావాలి. మా అత్త పేరు చెప్తే లాభం లేదు, ఆమెను జిగణి పక్కన పూడ్చిన సంగతి తెలిసినవాళ్ళు ఉన్నారు. ఊరి లెక్కలు రాసే శానుభోగుల పుస్తకంలో లేని పేరు, ఎవరికీ గుర్తు లేని మనిషి కావాలి. సాకమ్మ అని పెట్టాను. మా ఆయనకు అవ్వ అని చెప్పాను. అట్లాంటి మనిషి మా ఇంట్లో ఎప్పుడూ లేదు.

దిబ్బ ఉంటే చాలదు, ఏటేటా దానికి సున్నం కొట్టాలి, జరగాల్సింది జరగాలి. పెద్దల అమావాస్య నాడు మా ఇళ్ళలో ఎడ పెడతాం. అంటే వండినవన్నీ విస్తట్లో పెట్టి, పోయినవాళ్ళను పేరుపెట్టి మూడుసార్లు పిలిచి, వాళ్ళు తినేటప్పుడు చూడకుండా వీపు తిప్పుకుని కూర్చుంటాం. ఆ పిలిచేది చాలా మెల్లగా పిలుస్తాం. తలుపు ఓరగా వేసి, పక్కింటికి కూడా వినబడకుండా పిలుస్తాం. ఎందుకంటే ఆ రోజు గాలి నిండా ఆకలితో తిరిగేవాళ్ళు ఉంటారు. మన పిలుపు మనవాళ్ళకే వినబడాలి.

శ్రీనివాసప్ప ఇది విని నవ్వాడు. మెల్లగా పిలిస్తే సాక్షి కోర్టుకొచ్చి ఏం చెప్తాడు, రోడ్డు దాకా వినబడాలి అన్నాడు.

నేను అట్లాగే పిలిచాను. పదిమంది ఊరివాళ్ళను గట్టు మీద నిలబెట్టి, ఆరుబయట, చేని నడుమ, గొంతు చించుకుని పిలిచాను. సాకమ్మవ్వా, వచ్చి తిను. సాకమ్మవ్వా, వచ్చి తిను. సాకమ్మవ్వా, వచ్చి తిను. రోడ్డు మీద బండి తోలుకుపోయేవాడు కూడా ఆగి చూశాడు. భలే సాక్ష్యం దొరికిందని సంతోషపడ్డాను.

ఆ రోడ్డు సంగతి నాకు తెలియదా? 1918లో పెద్ద జ్వరాలు వచ్చినప్పుడు కూలీ జనం ఊళ్ళు వదిలి ఆ రోడ్డు వెంటే నడిచారు. నడుస్తూ నడుస్తూ పడిపోయారు. వాళ్ళను రోడ్డు పక్క గుంతల్లో వేసి పూడ్చడం నేను కళ్ళతో చూశాను. పేరు అడిగినవాళ్ళు లేరు. తరువాత ఏ అమావాస్యకూ వాళ్ళను పిలిచినవాళ్ళు లేరు. అదంతా తెలిసీ, ఎవరికీ చెందని ఒక పేరును ఆ రోడ్డుకు వినబడేలా పిలిచాను, చేను కోసం.

మొదటి ఏడు కాకులు తిన్నాయి. రెండో ఏడు కూడా కాకులే. మూడో ఏడు పొద్దున పోయి చూస్తే విస్తట్లో మెతుకు లేదు. విస్తరి సగానికి మడిచి ఉంది, మనం తిని లేచేటప్పుడు మడుస్తామే, అట్లా. కాకి విస్తరి మడవదు. మా అమ్మతో అంటే, ఆమె ఆ మోదుగాకులను చాలాసేపు చూసి, రోలు దగ్గరికి పోయి కూర్చుంది. ఆ రోట్లో పొత్రం లేదు. మళ్ళీ కొనుక్కోనివ్వలేదు ఆమె.

కేసు నడుస్తూనే ఉంది. యుద్ధం వచ్చింది, పోయింది. పెట్రోలు లేక బొగ్గుతో నడిచే బస్సుల్లో మసి కొట్టుకుని కోర్టుకు పోయాను, ఆ బస్సు ఆగిపోయిన రోజుల్లో నడిచి పోయాను. నన్ను బోనులో నిలబెట్టి, ఆ సాకమ్మ నీకు ఏమవుతుంది అని ఎదుటి వకీలు అడిగాడు. మా అవ్వ అన్నాను. చేను ఎవరిది అన్నాడు. నా నోటికి ఏమొచ్చిందో తెలుసా? "ఆమెదే," అన్నాను. "ఆమె ఉండాది కాబట్టే మేముండాము." దేవుడి మీద ప్రమాణం చేసి చెప్పాను. రాసుకున్నారు.

కోర్టు బయట వెంకటగిరియప్ప నలుగురిలో నన్ను ఆపాడు. "మీ ఇంట్లో సచ్చినోళ్ళు వానకి పుట్టగొడుగుల మాదిరి మొలుస్తారేం అమ్మా? మాకూ ఒక విత్తనం ఇవ్వరాదా," అన్నాడు. అందరూ నవ్వారు. లోపలికి పోయి దిబ్బ తవ్వి చూడాలని అర్జీ పెట్టాడు. తవ్వమని కోర్టు ఒక కమిషనరును వేసింది. 1946లో, పెద్దల అమావాస్య మర్నాడు పొద్దున వస్తానని ఆయన కబురు పెట్టాడు.

తవ్వితే ఏముంటుంది? పొత్రం ఉంటుంది.

శ్మశానంలో ఎముకలకేం కరువని శ్రీనివాసప్ప ఒక మాట అన్నాడు. చెప్పు తీశాను. మళ్ళీ అనలేదు. నేను ఒకటే అనుకున్నాను. చీకటి పడే లోపల పోయి ఆ రాయిని తీసేయాలి. గుంత ఖాళీగా ఉంటే, ముసలిదాని ఎముకలు మన్నులో మన్నైపోయాయని చెప్పొచ్చు.

అమావాస్య సాయంత్రం గంపలో ఎడ సామాను, చేతిలో గడ్డపార పట్టుకుని పోయాను. అమ్మకు జ్వరం, మంచం మీద ఉంది. ఊరివాళ్ళు ఎవరూ రాలేదు. రేపు కేసు ఎటు తిరుగుతుందోనని ఎవరిళ్ళలో వాళ్ళు ఉండిపోయారు.

వాన వెలిసి గంటయింది. మబ్బు కిందికి దిగి, పొద్దు ఉన్నా వెలుతురు లేకుండా ఉంది. రాగి వెన్నులు నడుము దాకా తగిలి చీరంతా తడుపుతున్నాయి. మడిలో కప్పలు ఒకటే అరుపు. దిబ్బ దగ్గరికి వచ్చేసరికి తడిసిన సున్నం వాసన కొట్టింది. దాని కింద ఇంకొక వాసన ఉంది. పెట్టె అడుగున ఏళ్ళ తరబడి మడిచిపెట్టిన చీర తీస్తే వస్తుందే, ఆ వాసన. నా చీర వాసన అనుకున్నాను. కొంగు ముక్కుకు పెట్టుకుని చూశాను. నాది పొగ వాసన.

తవ్వే ముందర ఎడ పెట్టేద్దామనుకున్నాను. ఎనిమిదేళ్ళ అలవాటు. దీపం పెట్టి, విస్తరి వేసి, సంకటి ముద్ద పెట్టి, గుంట చేసి ఆకుకూర పులుసు పోశాను. ఆ రోజు వినేవాళ్ళు లేరు. అందుకని మెల్లగా పిలిచాను. ఎనిమిదేళ్ళలో మొదటిసారి మెల్లగా పిలిచాను.

"సాకమ్మవ్వా... వచ్చి తిను."

రెండోసారి పిలిచాను.

మూడోసారి పిలుస్తుంటే కప్పలు ఆగిపోయాయి.

ఒకటి కాదు. అన్నీ. ఒక్కసారిగా.

వీపు తిప్పుకుని కూర్చున్నాను. అది పద్ధతి. పద్ధతి లేకపోయినా తిప్పుకునేదాన్నే. రోడ్డు దూరంగా తెల్లగా కనిపిస్తోంది. దాని మీద మనిషి లేడు, బండి లేదు. నా చేతులు మోకాళ్ళ మీద ఉన్నాయి. ఆ చేతులనే చూస్తూ కూర్చున్నాను...

మొదట గాజులు కదిలిన చప్పుడు. నా చేతికి గాజులు లేవు.

తరువాత ఆకు మీద చెయ్యి పడిన చప్పుడు.

తరువాత... మింగిన చప్పుడు.

సంకటి తినేవాళ్ళకు తెలుసు, సంకటిని నమలరు. ముద్ద తుంచి, పులుసులో అద్ది, మింగుతారు. గొంతులోంచి దిగే చప్పుడు ఒకటి ఉంటుంది. కుక్క అట్లా తినదు. నక్క అట్లా తినదు. తుంచడం... అద్దడం... మింగడం. తుంచడం... అద్దడం... మింగడం. తొందర తొందరగా. ఎన్నాళ్ళ ఆకలో.

ఆగింది.

"ఉప్పు తక్కువైంది," అని వినబడింది.

అమ్మకు జ్వరమని నేనే ఉప్పు తగ్గించి వండాను. గొంతు ముసలిది. తెలిసిన గొంతు కాదు. మా వాళ్ళలో ఎవరి గొంతూ కాదు.

"రేపు వచ్చేదెవురు?"

"కోర్టు వాళ్ళు," అన్నాను. నేనే అన్నానో, నా పళ్ళు కొట్టుకున్నాయో.

"తవ్వతారా?"

"తవ్వతారు."

వేళ్ళు నాకుతున్న చప్పుడు. ఒక్కొక్క వేలే.

"నన్ను ఉండమంటావా? పొమ్మంటావా?"

ఇక్కడ ఆగి ఒక మాట చెప్తాను. నేను భయపడి అట్లా అనేశానని అనుకోకండి. భయపడ్డాను, నిజమే. కానీ ఆలోచించే చెప్పాను. పొమ్మంటే పోయేదేమో. చేను కూడా పోయేది. రోడ్డు పక్కన కంకర కొడుతున్న మా అమ్మ నా కళ్ళ ముందర కనిపించింది.

"ఉండు," అన్నాను.

"నువ్వే అన్నావు," అని నా మెడ వెనక నుంచి వినబడింది. అంత దగ్గరగా. ఊపిరి తగల్లేదు.

కప్పలు మళ్ళీ మొదలుపెట్టేదాకా నేను కదల్లేదు. తిరిగి చూస్తే దీపం వెలుగుతోంది. విస్తరి సగానికి మడిచి ఉంది. చుట్టూ బురద మెత్తగా, నున్నగా ఉంది. నా అడుగులు వచ్చిన దారి ఒకటే ఉంది. గడ్డపార అక్కడే వదిలేసి ఇంటికి పరిగెత్తాను.

ఇంట్లో అమ్మ మంచం మీద లేచి కూర్చుని రోలు వైపు చూస్తోంది. రోట్లో పొత్రం ఉంది. తడిగా, మన్ను కడిగినట్టుగా.

"ఎవురో ముసలామె తెచ్చి పెట్టిపోయింది," అంది అమ్మ. "ఇది మీది, నాకు చోటు చాల్లేదు అనింది."

మర్నాడు పొద్దున కమిషనరు వచ్చాడు. కుర్ర వకీలు, కళ్ళజోడు, గొడుగు, చంకలో కాగితాల కట్ట. నాకంటే ముందే చేనికి చేరాడు. వెంకటగిరియప్ప తన మనుషులనే తవ్వడానికి పెట్టాడు. వాళ్ళు నడుము లోతు తవ్వేసరికి ఎర్ర అంచు కనిపించింది. మా అమ్మ చీర. చీకిపోలేదు. విప్పారు.

ఆడమనిషి ఎముకలు. పొందికగా పడుకోబెట్టినట్టు, ఒక్కటి కూడా చెదరలేదు. మేము రాయి మీద వేసిన నల్లగాజులు చేతి ఎముకలకు తొడిగి ఉన్నాయి. ఆరు ఇటు, ఆరు అటు. పుర్రె నా వైపుకు తిరిగి ఉంది. నేను వంగి చూశాను. పళ్ళ సందుల్లో నల్లగా, తడిగా ఏదో ఉంది. మన్ను అన్నారు తవ్వినవాళ్ళు. మన్నే అయ్యుండొచ్చు. మీరు రాగి సంకటి ఎప్పుడైనా చూశారా? ఆ రంగు.

వెంకటగిరియప్ప గట్టెక్కి రోడ్డు మీదికి పోయాడు. ఆ చేని వైపు మళ్ళీ రాలేదు. ఎముకలను అట్లాగే పూడ్చి మళ్ళీ దిబ్బ కట్టించాను.

1947లో తీర్పు వచ్చింది. చేను నాదే. లక్ష్మీనారాయణ సంతోషపడి కమిషనరు రిపోర్టు నకలు తెప్పించి పెట్టాడు. చిక్కపేట మేడ మీద కూర్చుని చదివి వినిపించాడు. తవ్వింది, దొరికింది, అంతా ఉంది. మధ్యలో ఆయన నవ్వాడు. "మీ అమ్మ భలే జవాబులు చెప్పిందమ్మా," అన్నాడు.

కాగితం లాక్కుని నేనే చదువుకున్నాను. ఇదిగో, కంఠతా వచ్చు నాకు. 'అంజినమ్మ ఇంకా రాకముందే చేని గట్టు మీద కూర్చుని ఉన్న ఒక వృద్ధురాలిని విచారించాను. పేరు అడుగగా, ఈ ఇంటివాళ్ళు పెట్టిందే పేరని చెప్పింది. ఎప్పటి నుంచి స్వాధీనంలో ఉన్నావని అడుగగా, పిలిచినప్పటి నుంచి అని చెప్పింది. భూమి ఎవరిదని అడుగగా, నాదేనని అంజినమ్మ ప్రమాణం చేసింది కదా అని చెప్పింది. హద్దులు అడుగగా, పిలిస్తే వినబడినంత దూరం అని చెప్పింది. వేలిముద్ర తీసుకున్నాను.'

మా అమ్మ ఆ రోజంతా మంచం దిగలేదు. తీర్పు వచ్చేనాటికి ఆమె లేదు కూడా. అసలు రిపోర్టు చూపించమని పట్టుబట్టి కోర్టుకు పోయి చూశాను. నాది, తవ్వినవాళ్ళది, సాక్షులది, అందరి వేలిముద్రల్లోనూ గీతలున్నాయి. చివరిదాంట్లో గీత లేదు. నల్లగా, గుండ్రంగా, నున్నగా ఉంది. కూలి చేసిన ముసలివాళ్ళ వేళ్ళు అట్లాగే అరిగిపోతాయన్నాడు కోర్టు గుమాస్తా. నేను ఏళ్ళ తరబడి రుబ్బిన పొత్రాన్ని తలుచుకున్నాను. ఆ నునుపు నాకు తెలుసు.

నిరుడు నేను ఎడ పెట్టలేదు. చేను వచ్చేసింది, ఇంక ఈ అబద్ధం ఎందుకు అనుకున్నాను. ఇంటి తలుపు ఓరగా వేసి, మా అమ్మను మెల్లగా పిలిచి ఇంత పెట్టాను. ఏ మన్నులో ఉన్నాడో తెలియని మా ఆయనను కూడా మెల్లగా పిలిచాను. అప్పుడు చేని వైపు నుంచి వినబడింది. నేను పిలిచినట్టే, గొంతు చించుకుని, రోడ్డు దాకా వినబడేలా. "తిమ్మరాయప్పా... వచ్చి తిను." మూడుసార్లు.

తెల్లారేసరికి మా అన్న జిగణి నుంచి నడిచి వచ్చాడు. కాళ్ళకు చెప్పుల్లేవు. "ఏల పిలిచినావే?" అన్నాడు. నేను పిలవలేదన్నాను. నమ్మలేదు. "వినబడితే పలికినానే," అన్నాడు. "పలికి, ఆకలిగా ఉండాదని గూడా అన్నాను." ఆ నెలలోనే పోయాడు. రోగం లేదు, నొప్పి లేదు. ఆయన మంచం కింద విస్తరి ఒకటి మడిచి ఉందని మా వదిన చెప్పింది. అది విన్న మాట. నేను చూడలేదు.

ఆ రోజు ఆ పిలుపు జిగణి దాకా వినబడింది. హద్దు అక్కడికి పోయింది.

ఈ రోజు పెద్దల అమావాస్య. మొదటిసారి పిలిచిన ఏటి నుంచి లెక్కపెడితే పన్నెండోది. పన్నెండేళ్ళు నలుగురూ చూస్తుండగా కూర్చుంది. అడ్డు చెప్పినవాళ్ళు లేరు. నేను చెప్పలేను. ఆమె మా మనిషి కాదంటే నా ప్రమాణం అబద్ధం, తీర్పు అబద్ధం, చేను వెంకటగిరియప్పది. మా మనిషే అంటే...

తలుపు వేసి, గడియ పెట్టి, ఈ ముక్కలు రాస్తున్నాను. పొద్దు ఇంకా ఉంది. నన్నే పిలుస్తుందని పొద్దున్నుంచి కాచుకుని ఉన్నాను. నాకు ఎడ పెట్టేవాళ్ళు ఎవరూ లేరు, పిలిస్తే పలుకుతానేమోనని నోట్లో కొంగు కుక్కుకున్నాను.

కప్పలు ఆగిపోయాయి.

పిలిచింది.

నా పేరు కాదు.

మళ్ళీ పిలిచింది. గట్టిగా. ఇంతకు ముందుకంటే చాలా దూరానికి వినబడేలా. మా వాళ్ళెవరి పేరూ కాదు అది. ఈ ఊరివాళ్ళ పేరు కాదు. నేను ఎన్నడూ వినని పేరు. పలికేవాళ్ళు ఎక్కడో ఉన్నట్టు, జవాబు కోసం ఆగుతోంది...

ఇప్పుడు చూసింది అడగను. చూడకపోయినా ఫరవాలేదు. ఇది చదువుతున్నవాళ్ళు, మీరు ఎక్కడున్నా సరే, పలకకుండా తల ఊపి చెప్పండి.

మీకు వినబడిందా?